జ్వరాల వైద్యం – పింఛనుదారులు తెలుసుకోవలసిన సంగతులు

(సంఘం వార్షిక సర్వసభ్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



కార్యదర్శిగారు నాకు ఫోన్ చేసి, "డాక్టరుగారూ, ఈసారి గుండె గురించీ షుగరు గురించీ వద్దండీ, ప్రతి ఏడూ వింటూనే ఉన్నాం. ఇంకేదైనా చెప్పండి" అన్నారు. ఆయన మాటలో న్యాయం ఉంది. గుండెకు డాక్టరున్నాడు, మోకాలికి డాక్టరున్నాడు, కంటికి సరేసరి. ఎవరి దగ్గరికి వెళ్ళాలో మనందరికీ తెలుసు. కానీ జ్వరం వస్తే మాత్రం మనలో చాలామంది ముందు వెళ్ళేది మందుల షాపుకి. కూర్మన్నపాలెంలోనూ గాజువాకలోనూ దువ్వాడలోనూ నేను చూస్తున్నదే చెబుతున్నాను. అందుకని ఈవేళ జ్వరాల గురించీ, వాటిని చూడడానికి ప్రత్యేకంగా చదువుకున్న డాక్టరు గురించీ నాలుగు మాటలు మనవి చేస్తాను.

అంటువ్యాధుల వైద్యం, అంటే ఇంగ్లీషులో ఇన్‌ఫెక్షియస్ డిసీజెస్ అనేది, మన దేశంలో ప్రత్యేక శాఖగా ఈమధ్యనే తలెత్తింది. ఎం.బి.బి.ఎస్. తరువాత ఎం.డి., ఆపైన మూడేళ్ళ డి.ఎం. కోర్సు చదవాలి. ఢిల్లీ ఎయిమ్స్, వెల్లూరు క్రిస్టియన్ మెడికల్ కాలేజీ వంటి కొద్ది సంస్థలే ఆ చదువు చెబుతున్నాయి. కాబట్టి ఆ డాక్టర్లూ కొద్దిమందే. నేను ఆ శాఖవాణ్ణి కాను, జనరల్ మెడిసిన్ వాణ్ణి. కానీ నా ఉద్యోగ జీవితంలో సగానికి పైగా జ్వరాలతోనే గడిచింది. మా కాలంలో జ్వరాల డాక్టరంటే మేమే. ఈ ఇన్‌ఫెక్షన్ల డాక్టరుకు ఒక చిత్రమైన లక్షణం ఉంది. అతనికి సొంత అవయవమంటూ లేదు. క్రిమి ఏ అవయవంలో చేరితే అక్కడికి వెళ్ళాలి. అందువల్ల అతని చేతిలో పరికరాలు తక్కువ, నోట్లో ప్రశ్నలు ఎక్కువ.

శాఖ కొత్తదే కానీ పని కొత్తది కాదు. హైదరాబాదు నల్లకుంటలో అందరూ ఫీవర్ ఆసుపత్రి అని పిలుచుకునేది ఉంది చూశారూ, దాని అసలు పేరులో సర్ రొనాల్డ్ రాస్ పేరు ఉంటుంది. ఈ రాస్ అనే సైనిక వైద్యుడు 1897 ఆగస్టు 20న సికిందరాబాదులో, మలేరియా రోగిని కుట్టిన అనాఫిలిస్ దోమను కోసి, దాని కడుపు గోడలో మలేరియా క్రిమిని కనిపెట్టాడు. దోమలచేత కుట్టించుకున్న రోగి పేరు హుస్సేన్ ఖాన్. దోమకు ఒక అణా చొప్పున కూలి ఇచ్చారట. 1902లో నోబెల్ బహుమతి రాస్‌కు వచ్చింది. హుస్సేన్ ఖాన్‌కు అణాలు దక్కాయి. బేగంపేటలో ఆ భవనం ఇప్పటికీ ఉంది, హైదరాబాదులో మీ పిల్లల దగ్గరికి వెళ్ళినప్పుడు చూసి రండి. మన విశాఖలో 1923లో మెడికల్ కాలేజీ, కింగ్ జార్జి ఆసుపత్రి వచ్చాయి. అప్పటినుంచి ఉత్తరాంధ్రలోని ప్రతి జ్వరమూ ఏదో ఒకరోజు కె.జి.హెచ్. మెట్లు ఎక్కినదే.

ఇక అసలు విషయానికి వస్తాను. మనవారిలో ఒకరి సంగతి చెబుతాను. పేరు చెప్పను, వారి అనుమతి ఉన్నా సరే చెప్పను. రిటైరై అగనంపూడి వైపు ఇల్లు కట్టుకున్నారు. ఇంటి వెనుక కొంచెం ఖాళీ స్థలం, అందులో వంగ, బెండ, పక్కన తుప్పలు. వర్షాలు వెనుకబట్టాక ఒకరోజు జ్వరం వచ్చింది. తలనొప్పి, ఒళ్ళునొప్పులు. మందుల షాపువాడు మూడురోజులకు బిళ్ళలిచ్చాడు. తగ్గలేదు. ఒక ఆర్.ఎం.పి. సెలైన్ పెట్టి సూదిమందు వేశాడు. ఒకపూట తగ్గినట్టే తగ్గి మళ్ళీ వచ్చింది. ఎనిమిదోరోజుకు ఆయాసం మొదలై, పేరు అవసరం లేదుగాని, ఒక నర్సింగ్ హోములో చేర్చారు. అక్కడ రోజుకు వేలరూపాయల ఖరీదుచేసే ఇంజక్షన్లు రెండు రకాలు ఇచ్చారు. మలేరియా లేదన్నారు, డెంగ్యూ లేదన్నారు, టైఫాయిడ్ ఉన్నా ఉండొచ్చన్నారు. వారి అబ్బాయి నాకు ఫోన్ చేస్తే వెళ్ళాను. నాతోపాటు నగరంలో ఇన్‌ఫెక్షన్ల వైద్యం చదివి వచ్చిన ఒక యువ డాక్టరునూ రమ్మన్నాను.

ఆ కుర్రవాడు రిపోర్టుల ఫైలు ముట్టుకోలేదు. ముందు ఆయన భార్యను అడిగాడు, "అమ్మా, జ్వరం రాకముందు రెండువారాల్లో ఈయన ఏమేం పనులు చేశారు?" అని. ఆవిడ తుప్పలు కొట్టించిన సంగతి చెప్పారు. తరువాత టార్చి లైటు తీసుకుని రోగి ఒళ్ళంతా వెతకడం మొదలుపెట్టాడు. చంకలు, మెడ వెనుక, చెవుల వెనుక, చివరికి పంచె ముడి దగ్గర నడుము చుట్టూ. ఆ ముడి కింద దొరికింది. సిగరెట్టుతో కాల్చినట్టు నల్లటి పెచ్చుకట్టిన చిన్న పుండు. నొప్పి ఉండదు, దురద ఉండదు, అందువల్ల రోగికే తెలియదు. దీన్ని స్క్రబ్ టైఫస్ అంటారు.

పంటలకు పట్టే ఎర్రనల్లి మీకు తెలుసు. ఆ జాతికే చెందిన ఒక పురుగు పిల్లదశలో, కంటికి ఆనీ ఆననంత ఉన్నప్పుడు, తుప్పల్లోనుంచి మన ఒంటిమీదికెక్కి, బట్ట బిగుతుగా ఉన్నచోట కుడుతుంది. దానిలోని సూక్ష్మక్రిమి రక్తనాళాల గోడల్లో చేరుతుంది. పట్టించుకోకపోతే ఊపిరితిత్తులు, కిడ్నీలు, మెదడు దాకా పోతుంది. ఇక్కడ గమనించవలసింది ఏమిటంటే, ఈ క్రిమి మన కణాల లోపల దాక్కుంటుంది. పెన్సిలిన్ జాతి మందులుగానీ, ఆ నర్సింగ్ హోములో ఇచ్చిన ఖరీదైన ఇంజక్షన్లుగానీ దాన్ని ఏమీ చేయలేవు. దాన్ని చంపేది డాక్సీసైక్లిన్ అనే పాతమందు. దాని పదిమాత్రల అట్ట ఖరీదు మనం హోటల్లో ఒకపూట చేసే టిఫిన్ ఖర్చును మించదు. ఆయనకు మొదలుపెట్టిన రెండోరోజుకే జ్వరం దిగింది. పదిరోజుల్లో ఇంటికి వచ్చారు. బిల్లు సంగతి మాత్రం అడగకండి, మెడిక్లెయిమ్ పోను మిగిలినది ఇప్పటికీ ఆయన తలుచుకుంటూ ఉంటారు. అందరికీ ఇంత తేలిగ్గా తగ్గుతుందని చెప్పను. ముదిరిన కేసుల్లో డాక్సీసైక్లిన్‌తో పాటు అజిత్రోమైసిన్ కూడా కలిపి నరానికి ఇస్తే, ఏదో ఒకటే ఇచ్చినదానికంటే మెరుగైన ఫలితం ఉంటుందని వెల్లూరు డాక్టర్ల ఆధ్వర్యంలో మన దేశంలోనే జరిగిన పరిశోధన 2023లో తేల్చింది.

ఈ డాక్సీసైక్లిన్ పుట్టుపూర్వోత్తరాలు చెప్పకుండా ఉండలేను, ఎందుకంటే అది మన తెలుగువాడి ఇంటికథ. భీమవరంలో 1895 జనవరి 12న పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావుగారి అన్నదమ్ములిద్దరు స్ప్రూ అనే పేగుల జబ్బుతో కొద్దిరోజుల తేడాలో పోయారు. ఆయనకూ ఆ జబ్బే వస్తే ఆయుర్వేద వైద్యులు ఆచంట లక్ష్మీపతిగారి వైద్యంతో బతికి బయటపడ్డారు. మద్రాసు మెడికల్ కాలేజీలో ఖద్దరు కట్టినందుకు తెల్లదొర ప్రొఫెసరుకు కోపం వచ్చి, పూర్తి డిగ్రీ బదులు ఎల్.ఎం.ఎస్. పట్టా చేతికొచ్చింది. అమెరికా వెళ్ళి, హార్వర్డులో ఏళ్ళతరబడి పనిచేసి, 1940లో లెడర్లీ కంపెనీకి మారి, అక్కడ పరిశోధనలకు అధిపతి అయ్యారు. ఆయన కింద బెంజమిన్ డగ్గర్ అనే వృక్షశాస్త్రజ్ఞుడు పనిచేశాడు. ఈయన సంగతి మన సంఘం సభ్యులు ప్రత్యేకంగా వినాలి. విశ్వవిద్యాలయంలో వయసు మీరిందని రిటైర్ చేస్తే, డెబ్బై దాటాక లెడర్లీలో కొత్త ఉద్యోగంలో చేరాడు. ఊరూరి మట్టి తెప్పించి, అందులోని సూక్ష్మజీవులను పెంచి చూస్తూ, మిస్సోరీ రాష్ట్రపు మట్టిలో ఒక బంగారురంగు సూక్ష్మజీవిని పట్టుకున్నాడు. దానినుంచి వచ్చిన ఆరియోమైసిన్‌ను 1948లో ప్రపంచానికి ప్రకటించారు. టెట్రాసైక్లిన్ కుటుంబానికి అదే పెద్దకొడుకు. మన డాక్సీసైక్లిన్ ఆ ఇంట్లో తరువాత పుట్టిన పిల్ల. సుబ్బారావుగారు అదే సంవత్సరం ఆగస్టులో కన్నుమూశారు. ఆయన బృందమే తయారుచేసిన ఫోలిక్ యాసిడ్, ఈ టెట్రాసైక్లిన్, రెండూ కలిపి ఇస్తే స్ప్రూ జబ్బు తగ్గుతుందని ఆ తరువాత వైద్యలోకం తెలుసుకుంది. అన్నదమ్ములను తీసుకుపోయిన జబ్బు అది.

ఇంకొకటి కూడా ఉంది. మన శ్రీకాకుళం, విజయనగరం, విశాఖ జిల్లాల్లో బోదకాలు చూడనివారు ఈ సభలో ఉండరు. చిన్నప్పుడు రాత్రిపూట ఇంటికొచ్చి వేలు పొడిచి రక్తం తీసుకునేవారు గుర్తుందా? ఆ పురుగుల పిల్లలు రాత్రివేళే రక్తంలోకి వస్తాయి గనుక ఆ వేళకు వచ్చేవారు. ఏటా ఒకరోజు ఆరోగ్య కార్యకర్తలు ఇంటికొచ్చి ఎదురుగా నిలబడి మింగించే డి.ఇ.సి. మాత్ర కూడా సుబ్బారావుగారి విభాగం నుంచి 1947లో వచ్చినదే. కాలు వాచినవారికి ఆ వాపు పోదుగాని, మిగతా ఇంట్లోవారికి అంటకుండా కాపాడుతుంది. "మాకు జబ్బు లేదు, మాకెందుకు?" అని ఆ మాత్రను మంచం కిందికి విసిరేసేవారు ఉన్నారు, నాకు తెలుసు.

సరే, కార్ఖానా భాషలో ఒకమాట చెబుతాను. మీలో స్టీల్ మెల్ట్ షాపులో పనిచేసినవారు ఉన్నారు. ఒక హీట్ తయారవుతుంటే శాంపిల్ తీసి లేబొరేటరీకి పంపకుండా, "చూస్తే ఇలాగే ఉంది" అని ఫెర్రో ఎల్లాయ్ కుమ్మరించేవారా? శాంపిల్ రిపోర్టు వచ్చాకే కదా ఎంత కలపాలో నిర్ణయించేది? జ్వరానికీ అంతే. రక్తాన్ని కల్చర్‌కు పంపడమంటే, సీసాలో వేసి అందులో ఏ క్రిమి పెరుగుతుందో, అది ఏ మందుకు లొంగుతుందో చూడడం. ఈ శాంపిల్‌ను యాంటీబయోటిక్ మొదటి మోతాదు పడకముందే తీయాలి. రెండురోజులు మందుల షాపు బిళ్ళలు మింగి వచ్చినవారి రక్తంలో ఏమీ పెరగదు. జబ్బు అలాగే ఉంటుంది, సాక్ష్యం మాత్రం చెరిగిపోతుంది. అక్కడినుంచి ఎంత పెద్ద డాక్టరైనా ఊహమీద నడవవలసిందే. రోగి పరిస్థితి బాగులేకపోతే రిపోర్టు కోసం ఆగరు, శాంపిల్ తీసిన వెంటనే మందు మొదలుపెడతారు. రెండుమూడు రోజుల్లో రిపోర్టు వచ్చాక, పెద్దమందు అవసరం లేదనుకుంటే చిన్నమందుకు మారుస్తారు. "నిన్నటిదాకా మంచి ఇంజక్షను ఇచ్చి ఇవాళ చవకబారుది రాశాడేమిటి" అని కొందరు గొడవపడతారు. అలా తగ్గించగలిగినవాడే పని తెలిసిన డాక్టరు.

యాంటీబయోటిక్కుల దుర్వినియోగం గురించి పత్రికల్లో చదివే ఉంటారు. పెన్సిలిన్ కనిపెట్టిన ఫ్లెమింగే 1945లో నోబెల్ ఉపన్యాసంలో హెచ్చరించాడు, చాలీచాలని మోతాదులో వాడితే క్రిములు రాటుదేలతాయని. ఆయన అన్నంతా అయింది. 2019 ఒక్క సంవత్సరంలో, మందులకు లొంగని బాక్టీరియా నేరుగా కారణమై ప్రపంచంలో సుమారు 12 లక్షల 70 వేల మంది చనిపోయారని లెక్కగట్టారు. మన ప్రభుత్వం 2014 నుంచి కొన్ని ముఖ్యమైన యాంటీబయోటిక్కులను హెచ్-1 జాబితాలో చేర్చింది. వాటిని అమ్మితే షాపువాడు డాక్టరు పేరు, రోగి పేరు పుస్తకంలో రాసి మూడేళ్ళు దాచాలి. 2016లో మందు అట్టమీద ఎర్రగీత గురించి ప్రచారం చేశారు. ఎర్రగీత ఉన్నది డాక్టరు చీటీ లేకుండా కొనకూడదు. ఇంటికి వెళ్ళాక మీ మందుల డబ్బా తెరిచి చూడండి, ఎన్ని ఎర్రగీతలు కనబడతాయో. వైరస్ జ్వరానికీ, జలుబుకూ ఇవి పనిచేయవు. కరోనా కాలంలో అజిత్రోమైసిన్, డాక్సీసైక్లిన్ అట్టలకు అట్టలు మింగాం. కరోనా వైరస్‌కు అవి ఏమీ చేయలేదని తరువాత పరీక్షలు తేల్చాయి. ఆ రోజుల్లో నిజంగా పనికొచ్చినది ఊపిరాడనివారికి ఆక్సిజన్. 2021 ఏప్రిల్ 22న దేశంలో మొదటి ఆక్సిజన్ ఎక్స్‌ప్రెస్ ఏడు ట్యాంకర్లతో మహారాష్ట్రకు బయలుదేరింది మన స్టీల్ ప్లాంటు నుంచే. గోదావరి, కృష్ణ ఫర్నేసులకు ఊపిరిపోసిన ఆక్సిజన్ మనుషులకు పోసింది. విషయాంతరమైనా ఈ సభలో చెప్పకపోతే ఎలా?

వయసు మళ్ళినవారి విషయం వేరుగా చెప్పాలి. డెబ్బై దాటాక ఇన్‌ఫెక్షన్ వచ్చినా జ్వరం రావాలని లేదు. థర్మామీటరు 98 చూపిస్తూనే ఉంటుంది. నిన్నటిదాకా పేపరు చదివిన మనిషి ఇవాళ మాట తడబడుతున్నా, తిండి వద్దంటున్నా, బాత్‌రూములో తూలి పడినా, ఊపిరి వేగంగా తీస్తున్నా, ముందు ఇన్‌ఫెక్షనేమో చూడమని అడగండి. "పెద్దతనం, అంతే" అని పిల్లలు ఊరుకోకూడదు. దానికి ఎదురు సంగతి ఒకటుంది. ఏ బాధా లేకుండా హెల్త్ చెకప్‌లో మూత్రం కల్చర్ చేయించుకుని, అందులో బాక్టీరియా ఉందని రిపోర్టు పట్టుకుని గాబరాగా వచ్చేవారు చాలామంది. పెద్దవయసులో, ముఖ్యంగా ఆడవారిలో, మూత్రంలో క్రిములు ఊరికే ఉండడం మామూలే. మంట, జ్వరం, నొప్పి వంటివి లేకపోతే మందు అక్కరలేదు. ప్రోస్టేటు వంటి ఆపరేషనుకు ముందైతే సంగతి వేరు. రిపోర్టుకు వైద్యం చేయకూడదు, మనిషికి చేయాలి.

అలాగే లీవోఫ్లాక్సాసిన్, ఓఫ్లాక్సాసిన్ వంటి మాత్రలు. దగ్గుకు షాపులో తేలిగ్గా ఇచ్చేస్తారు. పెద్దవారిలో మడమ వెనుక నరంలాంటి స్నాయువు తెగడానికి అవి కారణం కావచ్చు, షుగరు మాత్రలు వాడేవారికి చక్కెర ఒక్కసారి పడిపోవచ్చు. అన్నిటికీ మించి, క్షయ ఉన్నవారికి అవి సగం పనిచేసి దగ్గు కొంచెం తగ్గిస్తాయి. దాంతో అసలు జబ్బు బయటపడడం నెలలు ఆలస్యమవుతుంది. రక్తం పలచబడే మాత్రలు వాడేవారు ఏ యాంటీబయోటిక్ మొదలుపెట్టినా ఆ సంగతి డాక్టరుకు ముందే చెప్పాలి.

క్షయ మాట వచ్చింది గనుక, రిఫ్రాక్టరీ పనుల్లో, అంటే ఫర్నేసులకూ లాడిల్స్‌కూ ఇటుక కట్టి, పాత ఇటుక పగలగొట్టిన పనుల్లో ఉన్నవారికి ఒక ప్రత్యేక మనవి. ఇందులో కాంట్రాక్టు కార్మికులూ ఉన్నారు, వారికి ఈ సంచిక అందదు, మీరే చెప్పాలి. సిలికా ధూళి ఏళ్ళతరబడి పీల్చిన ఊపిరితిత్తుల్లో క్షయ మామూలువారికంటే తేలిగ్గా పాగా వేస్తుంది. పని మానేసి ఇరవై ఏళ్ళయినా ఆ ముప్పు పోదు. షుగరు కూడా ఉంటే మరీ. ఏ డాక్టరు దగ్గరికి వెళ్ళినా "నేను ఫలానా షాపులో ఫలానా పని ఇన్నేళ్ళు చేశాను" అని అడగకపోయినా చెప్పండి. రెండువారాలు మించిన దగ్గు, సాయంత్రంపూట వెచ్చబడడం, కారణం తెలియకుండా బరువు తగ్గడం, వీటిలో ఏది ఉన్నా తెమడ పరీక్ష చేయించాలి. ప్రపంచంలోని క్షయ రోగుల్లో దాదాపు నాలుగోవంతు మన దేశంలోనే ఉన్నారు, ఇందులో సిగ్గుపడవలసినదేమీ లేదు. మందులు ప్రభుత్వం ఉచితంగా ఇస్తుంది. మామూలు క్షయకు ఆరునెలలు వాడాలి. రెండోనెలకే ఒళ్ళు తేలికపడుతుంది, చాలామంది ఆపేసేది అప్పుడే. ఆ మాట ఇళ్ళలో ఆడవారికి చెబుతున్నాను, మగవారికి చెప్పి లాభం లేదు.

డెంగ్యూ గురించి ఎక్కువ చెప్పను, మీకందరికీ ప్లేట్‌లెట్ల లెక్క నాకంటే బాగా వచ్చు. ఒక్కటే చెబుతాను, డెంగ్యూ అనుమానం ఉన్నప్పుడు పారాసెటమాల్ తప్ప డైక్లోఫినాక్, బ్రూఫెన్ వంటి నొప్పి బిళ్ళలు ముట్టకూడదు. గుండెకు ఆస్పిరిన్ వాడేవారు దాన్ని ఆపాలా వద్దా అనేది సొంతంగా నిర్ణయించకుండా ఆ రోజే డాక్టరును అడగాలి. అరకు, పాడేరు వైపు వెళ్ళివచ్చాక నెలరోజుల్లో జ్వరం వస్తే, ఆ ప్రయాణం సంగతి చెప్పి మలేరియా పరీక్ష చేయించండి.

ఇక టీకాలు. అవి పసిపిల్లలకేనని మనవారి నమ్మకం. ఏడాదికొకసారి ఫ్లూ టీకా, న్యుమోనియాకు న్యుమోకాకస్ టీకా, అరవై దాటినవారు ముఖ్యంగా షుగరు, ఆయాసం ఉన్నవారు వేయించుకోవడం మంచిది. సర్పి అని మన పెద్దలు పిలిచే హెర్పిస్ జోస్టర్‌కు కూడా ఇప్పుడు టీకా ఉంది. రెండు మోతాదులు, ఖరీదు ఎక్కువ. సర్పి తగ్గాక నెలల తరబడి మిగిలే మంట అనుభవించినవారిని అడిగితే ఆ ఖరీదు ఎక్కువో తక్కువో వారు చెబుతారు.

కార్యదర్శిగారు గడియారం చూస్తున్నారు. మందుల చీటీలు తెచ్చుకున్నవారు భోజనాల దగ్గర నన్ను పట్టుకోండి, రిపోర్టులు కూడా తెచ్చి ఉంటే కళ్ళజోడు పెట్టుకునే చూస్తాను.